మామీ అసలు పేరు



ఒక నవలను నేను నా జీవితంలో రెండు పర్యాయాలు ఆమూలాగ్రం చదివాను. మొదటిసారి 1981లో, ఇరవై మూడేళ్ల వయసులో, కృష్ణాతీరంలోని ఒక పల్లెటూరి పాఠశాలలో కొత్తగా తెలుగు పండితురాలిగా చేరిన రోజులలో. రెండవసారి 2024లో, ఉద్యోగ విరమణ చేసి, మనుమరాలి ఇంట్లో అతిథిగా ఉన్నప్పుడు. రెండుసార్లూ అదే నవల; అయినా రెండవసారి చదివినది వేరొక పుస్తకమేమో అనిపించింది. ఆ తేడా ఎక్కడిదో తేల్చుకోవాలని ఈ టపా వ్రాస్తున్నాను. ఆంగ్ల సాహిత్యం నా విషయం కాదు. పొరపాట్లు దొర్లితే ఆంగ్లం చదువుకున్న పెద్దలు మన్నించి సరిదిద్దగలరు.

ఆ నవల మార్గరెట్ మిచెల్ వ్రాసిన 'గాన్ విత్ ద విండ్'. 1936లో అచ్చయింది, మరుసటి సంవత్సరం పులిట్జర్ బహుమతి పొందింది. మొదటి ముద్రణే వెయ్యి పుటలు దాటిన గ్రంథం. తెలుగులో ఎం.వి. రమణారెడ్డి గారు దీనిని అనువదించారు. నేను మాత్రం రెండుసార్లూ మూలంలోనే చదివాను. మొదటిసారి శంకరనారాయణ గారి నిఘంటువును పక్కన పెట్టుకుని.

మా పాఠశాలలో ఆంగ్లం బోధించే సహోద్యోగిని ఒకరు ఆ పుస్తకం నా చేతికిచ్చి, "పండితమ్మ గారూ, మీ ప్రబంధ నాయికలలో ఇటువంటిది ఒక్కతె ఉన్నదేమో చూసి చెప్పండి" అన్నారు. ఆ మాటలోని సవాలు కోసమే మొదలుపెట్టాను. నాలుగు నెలలు పట్టింది.

అప్పటికి మా నాన్నగారు గతించి రెండేళ్లు. తమ్ముళ్లిద్దరూ చదువులలో ఉన్నారు. ఇంటికి వచ్చే జీతం నాదొక్కటే. మా అమ్మ నలభై అయిదేళ్లకే తెల్లచీర కట్టి, వెనుక గదిలోకి చేరింది. ఎదురుపడితే అపశకునమని అనుకుంటారేమోనని, నేను ఉదయం బడికి బయలుదేరేటప్పుడు గుమ్మం దాకా వచ్చేది కాదు; తలుపు చాటునుండే "వెళ్లిరామ్మా" అనేది.

ఆ దినాలలో చదివాను, స్కార్లెట్ ఓహారా అట్లాంటాలో సంత నృత్యానికి వచ్చిన ఘట్టాన్ని. ఆమె వయసు పదిహేడు. భర్త యుద్ధానికి వెళ్లి, తుపాకి పేల్చకుండానే జబ్బుతో శిబిరంలో చనిపోయాడు. నల్లబట్టలు కట్టుకుని ఒక మూల నిలుచుని, సంగీతానికి పాదం కదలకుండా ఆపుకోలేక అవస్థ పడుతుంది. సైనికుల ఆసుపత్రికి ధనం పోగుచేయడానికని ఆడవారితో నృత్యం చేసే అవకాశాన్ని వేలం వేస్తారు. రెట్ బట్లర్ నూటయాభై డాలర్లు, అదీ బంగారం, పలికి ఆ వితంతువు పేరు చెబుతాడు. సభ నివ్వెరపోతుంది. ఆమె వస్తానంటుంది, వచ్చి నర్తిస్తుంది.

ఆ పుట దగ్గర పుస్తకం మూసి, వెనుక గది వైపు చూసి చాలాసేపు కూర్చున్నాను. మరునాడు బడికి వెళ్లేముందు అమ్మను చేయిపట్టి గుమ్మం దాకా తీసుకువచ్చాను. అమ్మ మొదట పెనుగులాడింది. తరువాత అలవాటయింది. నేను ఆ ఊళ్లో పనిచేసినంతకాలం నాకు ఎదురువచ్చి సాగనంపినది మా అమ్మే. అందుచేత ఈ నవలకు నేను ఋణపడి ఉన్నాను. ఈ మాట ముందే ఎందుకు చెబుతున్నానంటే, ఇకమీద చెప్పబోయేవి ఆ పుస్తకానికి అనుకూలమైన మాటలు కావు. చెప్పుతున్నది దానిని ప్రేమించిన మనిషేనని మీకు తెలియాలి.

కథ తెలియనివారికోసం క్లుప్తంగా. 1861 ఏప్రిల్‌లో, అమెరికా అంతర్యుద్ధం మొదలయ్యే క్షణంలో, జార్జియా రాష్ట్రంలోని టారా అనే పత్తితోటలో నవల ఆరంభమవుతుంది. పదహారేళ్ల స్కార్లెట్, యాష్లీ విల్క్స్ అనే పొరుగు యువకుని ప్రేమిస్తుంది. అతడు మెలనీని పెళ్లాడతాడు. ఆ పంతంతో ఈమె మెలనీ అన్నను పెళ్లాడి, రెండు నెలలకే వితంతువవుతుంది. 1864లో షెర్మన్ సేనలు అట్లాంటాను ముట్టడిస్తాయి. నగరం పడిపోయేవేళ మెలనీకి పురుడు పోసి, పసిబిడ్డతో సహా అందరినీ బండిలో వేసుకుని స్కార్లెట్ టారాకు చేరుతుంది. తల్లి పోయింది, తండ్రికి మతి చలించింది, తినడానికి గింజ లేదు. ఇక ఎన్నడూ ఆకలికి లొంగనని ఆమె ఒట్టు పెట్టుకుంటుంది. ఆ ఒట్టు కోసం దొంగగా చొరబడిన సైనికుని కాల్చి చంపుతుంది, చెల్లెలికి కాబోయే భర్తను తాను కట్టుకుంటుంది, కోత మిల్లు నడుపుతుంది. చివరకు రెట్‌ను పెళ్లాడి, తాను నిజంగా ప్రేమించినది అతడినేనని తెలుసుకునేసరికి అతడి ప్రేమ అడుగంటిపోయి ఉంటుంది.

ఇరవై మూడేళ్ల వయసులో నేను చదివినది ఈ కథను మాత్రమే. ఆకలి ఒట్టు నాదే అనుకున్నాను. అలంకారశాస్త్రంలో సాధారణీకరణం అనే మాట ఉన్నదని చాలామందికి తెలుసు. కావ్యంలోని పాత్ర తన దేశకాలాలను విడిచి, చదివేవారి అనుభవమైపోవడం. భట్టనాయకుడు చెప్పిన ఆ సిద్ధాంతాన్ని పరీక్షకోసం కంఠస్థం చేసిన నాకు, దాని అర్థం ఒక అమెరికా నవల చదివినప్పుడు తెలిసివచ్చింది. ఈ సంగతి తరువాతి తరాల పిల్లలకు తరగతిలో ఎన్నోసార్లు చెప్పాను కూడా.

ఇప్పుడు రెండవ పఠనం.

మా అమ్మాయి కుటుంబం అట్లాంటా శివార్లలో ఉంటుంది. అక్కడ తెలుగువారు చాలామంది ఉన్నారు. 2024 శరదృతువులో కొన్ని నెలలు వారింట ఉన్నాను. పీచ్‌ట్రీ వీధిలో మార్గరెట్ మిచెల్ కాపురమున్న భవనం ప్రదర్శనశాలగా ఉన్నదని విని, చూపించమని అల్లుణ్ణి అడిగాను. ఆమె అద్దెకున్న వాటా చాలా ఇరుకైనది. ఆమే దానిని వేళాకోళంగా 'చెత్తకుప్ప' అనే అర్థం వచ్చే పేరుతో పిలిచేదట. కాలి మడమ దెబ్బతిని ఇంటిపట్టున ఉండవలసివచ్చినప్పుడు నవల మొదలుపెట్టిందనీ, చాలా భాగం ఆ ఇరుకు గదులలోనే వ్రాసిందనీ చదివినప్పుడు, నాకు ఏదో పుణ్యక్షేత్రానికి వచ్చినట్టనిపించింది. అయితే 2024లో తిరిగి తెరచిన ఆ ప్రదర్శన కేవలం రచయిత్రిని కీర్తించేది కాదు. ఈ నవల, సినిమా కలసి బానిసత్వపు చరిత్రను జనం మనసులో ఎలా మార్చివేశాయో కూడా గోడలమీద వ్రాసి ఉంది.

మా మనుమరాలికి పదమూడేళ్లు. నా ఉత్సాహం చూసి తానూ ఆ నవల మొదలుపెట్టింది. ఒకరోజు రాత్రి భోజనాల దగ్గర అడిగింది:

"అమ్మమ్మా, మామీ అసలు పేరేంటి?"

మామీ అంటే స్కార్లెట్‌ను పెంచిన నల్లజాతి దాది. నవలలో మొదటి అధ్యాయాలనుండి చివరి పుట దాకా ఉన్న పాత్ర.

"మామీయే" అన్నాను.

"అది పిలుపు కదా అమ్మమ్మా, పేరు కాదుగా. పోర్క్, డిల్సీ, ప్రిస్సీ అందరికీ ఏదో ఒక పేరు ఉంది. ఈమెకు?"

"ముందు చదువు, వస్తుంది" అన్నాను, నాకు ఖాయంగా తెలిసినట్టుగా. ముప్పై ఏళ్లకు పైగా పాఠాలు చెప్పినవారికి ఈ దురభ్యాసం ఉంటుంది. ఆ రాత్రి వెతకడం మొదలుపెట్టాను. వెతుకుతూ వెతుకుతూ నవలంతా తిరిగి చదివాను. మామీ పేరు ఎక్కడా లేదు.

స్కార్లెట్ అమ్మమ్మ ఇంట మామీ పెరిగింది; స్కార్లెట్ తల్లిని పెంచింది; స్కార్లెట్‌ను పెంచింది; స్కార్లెట్ కుమార్తెను కూడా సాకింది. ఒకే వంశంలో మూడు తరాలను ఎత్తుకున్న మనిషి. ఆమెకొక తల్లి ఉన్నదా, భర్త ఉన్నాడా, కన్నబిడ్డలున్నారా? వెయ్యి పుటలు దాటిన గ్రంథంలో రచయిత్రికి ఈ ప్రశ్న రాలేదు. స్కార్లెట్ నడుముకు బిగించే పట్టీ ఎన్ని అంగుళాలో మాత్రం చెప్పింది. పదిహేడు.

ఒక పేరు కోసం చదవడం మొదలుపెట్టిన తరువాత, తక్కినవి వద్దన్నా కంటబడసాగాయి. స్కార్లెట్ తండ్రి జెరాల్డ్ టారా నేలను పేకాటలో గెలుచుకున్నాడు. పోర్క్ అనే మనిషిని కూడా పేకాటలోనే గెలుచుకున్నాడు. మొదటిసారి నేను ఈ రెండింటినీ ఒక ఐర్లండు మొండివాని అదృష్టంగా చదివి నవ్వుకున్నాను. ద్యూతంలో మనిషిని ఒడ్డడమంటే ఏమిటో సభాపర్వం పాఠం చెప్పే నాకు గుర్తు రాలేదు. పురుటివేళ ప్రిస్సీ అబద్ధమాడిందని స్కార్లెట్ చెంప పగులగొడుతుంది. ప్రిస్సీ కూడా చిన్నపిల్లేనని, ఆ రాత్రి ఫిరంగుల మోతకు ఆ పిల్లకూ భయం వేసి ఉంటుందని నాకు నాడు తోచలేదు. బిగ్ శామ్ అనే అతడు విముక్తుడై ఉత్తరాదికి వెళ్లి, అది నచ్చక, టారాకు తిరిగి పోతానని బతిమాలతాడు. స్వేచ్ఛ వచ్చినవాడు పాత యజమాని తోటకోసం బెంగపెట్టుకున్నట్టు వ్రాయడం ఎవరికి ఊరట? వ్రాసినవారికీ, చదివే నావంటివారికీ.

అంతకన్న కఠినమైన విషయం మరొకటి. స్కార్లెట్‌పై దారిలో దాడి జరిగినప్పుడు ఆమె రెండవ భర్త ఫ్రాంక్, యాష్లీ, తక్కిన పెద్దమనుషులు రాత్రివేళ ప్రతీకారానికి బయలుదేరతారు. వారంతా కు క్లక్స్ క్లాన్ సభ్యులు. నవల ఆ సంగతిని దాచదు, తప్పుపట్టదు; వేరే గత్యంతరం లేక మర్యాదస్తులు పూనుకున్న పనిగా చెబుతుంది. 1939లో సినిమా తీసినవారు ఆ దండు పేరును తొలగించారు. ఇక నా ప్రియమైన రెట్ బట్లర్, ఒక శ్వేతజాతి స్త్రీతో పొగరుగా మాట్లాడాడని ఒక నల్లవాణ్ణి చంపినట్టు జైలులో స్కార్లెట్ ఎదుట తానే ఒప్పుకుంటాడు. నేను ఆ వాక్యాన్ని 1981లో చదివాను. చదివిన గుర్తు కూడా లేదు.

నవల కాలంనాటి సంగతులను నవల కాలంతోనే తూచాలి, నేటి తూనికరాళ్లు వాడరాదు అని కొందరంటారు. నేనూ అదే అనుకునేదాన్ని. కాని ఆ కాలంలోనే వేరే తూనికరాళ్లు ఉన్నాయి. 1860 జనగణన ప్రకారం జార్జియాలో బానిసలుగా ఉన్నవారు దాదాపు 4 లక్షల 62 వేలు; రాష్ట్ర జనాభాలో ఇంచుమించు నూటికి నలభై నాలుగు మంది. ఆ నేలమీద సగానికి కాస్త తక్కువగా ఉన్నవారి దృష్టి ఆ కాలపు దృష్టి కాదా? నవల వెలువడడానికి సరిగ్గా ఒక సంవత్సరం ముందు, 1935లో, డబ్ల్యు.ఇ.బి. డుబోయ్ 'బ్లాక్ రీకన్‌స్ట్రక్షన్' అనే బృహద్గ్రంథం ప్రచురించారు. విముక్తులైన నల్లవారు సోమరులై రాజ్యాన్ని పాడుచేశారన్న కథను ఆయన అందులో ఆధారాలతో ఖండించారు. ఆయన అట్లాంటా విశ్వవిద్యాలయంలోనే ఆచార్యులు. అంటే ఒకే నగరంలో, ఒకే దశాబ్దంలో, ఒకే కాలాన్ని గురించి రెండు గ్రంథాలు వెలువడ్డాయి. లోకం ఒకదానినే లక్షలుగా కొన్నది. నేను కూడా ఆ ఒకదానినే చదివాను.

ఇక్కడే నాకు సాధారణీకరణం మళ్లీ గుర్తుకు వచ్చింది. నేను స్కార్లెట్‌నయ్యాను కదా, అట్లాంటాలో ఒక నల్లజాతి విద్యార్థిని ఈ నవల చదివితే ఎవరవుతుంది? స్కార్లెట్ కాబోతే, ప్రిస్సీ చెంపమీది దెబ్బ ఆమెను ఆపుతుంది. మామీ అవుదామంటే, అవడానికి అక్కడ పేరైనా లేదు. పాఠకులందరి హృదయమూ ఒకే తలుపులోనుండి లోపలికి పోగలదని శాస్త్రం అనుకుంది. తలుపు దగ్గర ఎవరిని నిలిపివేశారో నేను విద్యార్థులకు ఎన్నడూ చెప్పలేదు.

ప్రేమకథగా కూడా ఈ నవల ఇప్పుడు నన్ను ఇబ్బంది పెట్టింది. తాగి ఉన్న రెట్, స్కార్లెట్‌ను బలవంతాన ఎత్తుకుని చీకటి మెట్లెక్కి పోయే ఘట్టం ఉన్నది. మరునాడు ఆమె ఆనందంతో మేల్కొంటుంది. ఆ రోజులలో మేము దానిని మహోద్ధత ప్రణయమని గుసగుసగా చెప్పుకున్నాం. ఇప్పుడు నా పక్కన పదమూడేళ్ల పిల్ల అదే పుస్తకం చదువుతున్నది. ఆ అధ్యాయం చేరేముందు మా అమ్మాయి, నేను కలిసి ఆ పిల్లతో మాట్లాడవలసివచ్చింది. 'వద్దు' అన్నమాట మరునాటి నవ్వుతో 'సరే'గా మారదని చెప్పాము. "అది నాకు తెలుసు అమ్మమ్మా, బళ్లో చెప్పారు" అన్నది. నాకు బళ్లో ఎవరూ చెప్పలేదు. నేనూ ఎవరికీ చెప్పలేదు.

ఇన్ని చెప్పిన తరువాత కూడా ఈ పుస్తకాన్ని పారవేయమని నేను అనలేను. యుద్ధాన్ని గురించి ఇందులో ఉన్న నిజం చిన్నది కాదు. తుపాకులు పోతపోసే కర్మాగారాలు లేని దక్షిణాది యుద్ధానికి ఉరకలు వేయడాన్ని రెట్ ఎగతాళి చేసే సన్నివేశం, మృతుల జాబితా కోసం పత్రికా కార్యాలయం ముందు నిలబడిన జనం, రైలు పట్టాల పక్కన ఎండలో వరుసలుగా పడివున్న క్షతగాత్రులు, వీటిని వ్రాసిన చేయి సామాన్యమైనది కాదు. స్త్రీ డబ్బు సంపాదించడాన్ని ఆ సమాజం క్షమించకపోవడాన్ని ఆమె ఎంత స్పష్టంగా చూసింది! అదే స్కార్లెట్ తన మిల్లులో ఖైదీలను కూలికి తెచ్చి, తిండి సరిగా పెట్టక పనిచేయించడాన్ని కూడా దాచలేదు. యజమాని క్రౌర్యం రచయిత్రికి అక్కడ కనబడింది. అదే చూపు తోటలోకి ఎందుకు పోలేదన్నదే నా దుఃఖం.

మనిషిగా మార్గరెట్ మిచెల్ మరికొంత దూరం నడిచింది. 1940లలో అట్లాంటాలోని మోర్‌హౌస్ కళాశాల అధ్యక్షులు బెంజమిన్ మేస్ ద్వారా, నల్లజాతి విద్యార్థుల వైద్యవిద్యకు రహస్యంగా ధనసహాయం చేసింది. ఈ విషయం ఆమె మరణించిన చాలా కాలానికి గాని లోకానికి తెలియలేదు. 1949లో కారు ఢీకొని పోయేనాటికి ఆమెకు నలభై ఎనిమిదేళ్లు. రెండవ నవల వ్రాసి ఉంటే మామీకి పేరు పెట్టేదేమో, చెప్పలేం.

సినిమాలో మామీగా నటించిన హాటీ మెక్‌డేనియల్‌కు పేరు ఉన్నది. 1939 డిసెంబరులో అట్లాంటాలో జరిగిన తొలి ప్రదర్శనకు ఆమె రాలేకపోయింది. అక్కడి థియేటర్లలో తెల్లవారితో కలిసి నల్లవారు కూర్చోవడానికి వీలులేదు. ఆ వేడుకల సందర్భంగా జరిగిన విందు నృత్యంలో, తోటల కాలపు బానిసల వేషాలతో పాడిన చర్చి బృందంలో పదేళ్ల బాలుడొకడు ఉన్నాడు. అతడే మార్టిన్ లూథర్ కింగ్. రెండు నెలల తరువాత హాటీ మెక్‌డేనియల్ ఆస్కార్ అందుకుంది. ఆ బహుమతి పొందిన మొదటి నల్లజాతి వ్యక్తి ఆమే. ఆ రాత్రి కూడా ఆమెను తక్కిన తారాగణానికి దూరంగా, గోడ దగ్గర వేరే బల్లవద్ద కూర్చోబెట్టారు.

వేరే బల్ల. ఈ సంగతి మనుమరాలికి చదివి వినిపిస్తూ నేను ఆగిపోయాను.

చాలా ఏళ్ల క్రితం మా పాఠశాల వార్షిక సంచికలో 'మా పెరటి బావి' అని ఒక వ్యాసం వ్రాశాను. చదివినవారు మెచ్చుకున్నారు, పాతరోజులు కళ్లకు కట్టాయన్నారు. అందులో మా పాలేరు భార్యను గురించి ఒక వాక్యం ఉన్నది. మా అమ్మకు టైఫాయిడ్ వచ్చిన ఏడాది రెండు నెలలపాటు నన్ను చంకన వేసుకుని తిప్పిన మనిషి ఆమె. 'ఆమెను మా ఇంటి మనిషిలాగే చూసుకునేవాళ్లం' అని వ్రాశాను. మా ఇంటి మనిషి తాగే సత్తుగ్లాసు పశువులపాక చూరులో దోపి ఉండేదని వ్రాయలేదు. పెరటి బావిని గురించిన వ్యాసంలో, ఆ బావిలో ఆమె చేద వేయకూడదని వ్రాయలేదు. ఎవరైనా తోడి, ఎత్తునుండి దోసిట్లో పోసేవారు. ఆమెను మేమంతా 'పాలేరు పెళ్లామా' అనే పిలిచేవాళ్లం. మామీ పేరు వ్రాయలేదని మిచెల్‌ను ఏ ముఖంతో అడగగలను?

స్వదేశం తిరిగివచ్చాక తమ్ముడికి ఫోను చేసి అడిగాను. వాడికీ తెలియదు. నాలుగు రోజులు ఆగి ఆమె మనుమడి నంబరు సంపాదించి ఇచ్చాడు. అతడు ప్రభుత్వ పాఠశాలలో ఉపాధ్యాయుడు. నన్ను ఎరుగును. మర్యాదగా మాట్లాడాడు. వాళ్ల నాయనమ్మ పేరేమిటని అడిగాను. కాసేపు మాట్లాడలేదు. తరువాత పేరు చెప్పి, నెమ్మదిగా అడిగాడు: "ఇప్పుడెందుకండీ టీచరుగారూ?"

సిద్ధంగా ఉంచుకున్న సమాధానాలేవీ నోట రాలేదు. "ముందే అడగవలసింది బాబూ" అన్నాను.

ఆ పేరు నా నోటుపుస్తకంలో వ్రాసుకున్నాను. ఇక్కడ వ్రాయను, అది వారి కుటుంబానిది, వారి అనుమతి నేనింకా కోరలేదు. పాత వార్షిక సంచికను బయటకు తీసి, 'మా ఇంటి మనిషిలాగే' అన్నచోట ఎర్ర సిరాతో గీత గీశాను. దాని బదులు ఏమి వ్రాయాలో ఇంకా ఆలోచిస్తున్నాను. వ్యాసం మొత్తం తిరగవ్రాయక తప్పదనిపిస్తున్నది.

నవల చివరి పుటలో, రెట్ విడిచిపోయిన తరువాత, స్కార్లెట్ టారాకు వెళ్లిపోదామనుకుంటుంది. అక్కడ మామీ ఉంటుందనే తలపు ఆమెకు పెద్ద ఊరట. ప్రేమలన్నీ చేజారిన మనిషికి ఆ క్షణంలో కావలసివచ్చినది ఆ పెంచిన ఒడే. మా మనుమరాలు నిరుడు వేసవిలో నవల పూర్తిచేసి ఫోను చేసింది. "అమ్మమ్మా, చివర్లో కూడా మామీ అనే ఉంది" అన్నది. "అవునమ్మా, నేనూ చూశాను" అన్నాను.

మీలో ఎవరైనా ఇటువంటి పాత ప్రియమైన పుస్తకాన్ని ఈమధ్య మళ్లీ తెరచి ఉంటే, ఏమి కనబడిందో వ్రాయండి. చదవాలని ఉన్నది.

సెలవు.